నదిలో గాలాలకి ఎన్ని సాల్మన్ చేపలు పడ్డాయో లెక్క తేల్చేదెలా

వాషింగ్టన్ స్టేట్‌లో ఎవరెట్ దగ్గర సముద్రంలో కలిసే స్నోహోమిష్ నదినే తీసుకుందాం, సియాటిల్ వైపు ఉండే మనవాళ్లకి దగ్గరే. బేసి సంవత్సరాల్లో, అంటే 2023, 2025 లాంటివాటిల్లో, పింక్ సాల్మన్ అనే రకం చేపలు విపరీతంగా నదిలోకి ఎక్కుతాయి, సరి సంవత్సరాల్లో పెద్దగా రావు, కాబట్టి పోయినేడాది లెక్క ప్లాన్ కాపీ కొడితే కుదరదు.

గాలం వేసే ప్రతివాడి వెనకా నిలబడలేం కదా, అందుకే రెండే తేల్చుకుంటాం: మొత్తం ఎన్ని గంటలు గాలం వేశారు, గంటకి ఎన్ని చేపలు ఇంటికి పట్టుకెళ్లారు. ఈ రెండూ గుణిస్తే వచ్చేదే లెక్క, దీన్నే క్రీల్ సర్వే అంటారు.

ముందు వీక్‌డేస్, వీకెండ్స్ వేరు చేసి, ఒక్కోదాన్నుంచి రోజుల్ని చీటీలు తీసినట్టు ఎంచుకోండి. మనకి వీలైన రోజు, జనం ఎక్కువుండే చోటు అని పోతే లెక్క మొదట్లోనే పాడైపోతుంది. ఎంచుకున్న రోజు టైమ్ కూడా లాటరీలోనే తీసి, నది పొడుగునా పోతూ ఆ టైమ్‌కి ఎంతమంది గాలం వేస్తున్నారో లెక్కపెట్టండి, ఒడ్డు మీదవాళ్లు వేరు, బోట్లు వేరు. ఉదాహరణకి సగటున 40 మంది, వెలుగున్నది 14 గంటలు అనుకోండి, 560 గంటల ఎఫర్ట్, అంటే ఆ రోజు అందరూ కలిపి గాలం వేసిన గంటలు.

ఇంటర్వ్యూలు బోట్ ర్యాంప్ (బోట్లు నీళ్లలోకి దించే చోటు) దగ్గర, ఇంటికెళ్లేవాళ్లతో చెయ్యడం మంచిది, ఎందుకంటే నది మధ్యలో అడిగితే ఎక్కువసేపు ఉండేవాళ్లే మనకి ఎక్కువ దొరుకుతారు. ఎప్పుడు మొదలెట్టారు, ఎప్పుడు ఆపారు, ఎన్ని ఉంచుకున్నారు, ఎన్ని వదిలేశారు, ఇంతే. ఒక్క చేప కూడా పడక విసుగ్గా కారెక్కేవాళ్లని దయచేసి వదలొద్దు! వాళ్ల సున్నా రాయకపోతే గంటకి పడే చేపలు ఎక్కువ కనిపిస్తాయి, లేని చేపలు పట్టేసినట్టు లెక్కొస్తుంది, దాంతో సీజన్ అనవసరంగా ముందే మూసేసే పరిస్థితి కూడా రావచ్చు. 25 మంది కలిపి 100 గంటల్లో 15 చేపలు ఉంచుకుంటే గంటకి 0.15, అంటే 560 గంటలకి 84 చేపలు.

ఏ చేపో వాళ్లు చెప్పింది రాసుకోకుండా మీరే చూడండి. సాల్మన్ రకాల్లో చినూక్‌కి చిగుళ్లు నల్లగా ఉంటాయి, కోహోకి పళ్ల మొదట్లో తెల్లగా ఉంటుంది, పింక్‌కి తోక మీద పెద్ద కోడిగుడ్డు ఆకారం మచ్చలు. వీపు మీద తోక దగ్గరుండే చిన్న కండ రెక్క కత్తిరించి ఉంటే హేచరీ చేప, అంటే పెంపక కేంద్రంలో పుట్టింది, అది కూడా రాయాలి.

రోజుకీ రోజుకీ తేడా చాలా ఉంటుంది, వాన పడి నీళ్లు బురదగా మారితే ఎవడూ రాడు, కాబట్టి ఒక్కరోజే బోలెడు ఇంటర్వ్యూలు చేసేకంటే ఎక్కువ రోజులు వెళ్లి తక్కువ చేసినా మేలు.