ఫారో సమాధి గోడ మీద రాజు పేరు చదవడం ఎలా?

లక్సర్‌కు పడమటి ఒడ్డున ఉన్న రాజుల లోయలో సమాధులు చూసినవారు చాలామంది పైకప్పు మీది నక్షత్రాలనూ, దేవతల రంగుల బొమ్మలనూ తలచుకుంటారు గాని, ఆ గోడలు పదేపదే చెబుతున్న రాజు పేరును మాత్రం చదవకుండానే తిరిగి వస్తారు. పేరు చెరిగిపోతే పరలోకంలో మనిషే లేకుండా పోతాడని ప్రాచీన ఈజిప్టువారు నమ్మారు కాబట్టి, ఆ సమాధిలో అన్నిటికంటే ముఖ్యమైన రాత అదే. లిపి అంతా నేర్చుకోనక్కర లేదు. పది పన్నెండు గుర్తులు పట్టుబడితే చాలు.

ముందుగా నిలువుగానో అడ్డంగానో ఉన్న కోడిగుడ్డు ఆకారపు గీతను వెతకండి. ఒక చివర చిన్న అడ్డగీత ఉంటుంది. అది ముడివేసిన తాడు. సూర్యుడు చుట్టివచ్చే లోకమంతా ఈ రాజుదేనన్న భావం అందులో ఉంది. దీన్నే కార్టూష్ అంటారు. రాణుల పేర్లు కూడా ఇందులో రాస్తారు గనుక, కార్టూష్ కనిపించగానే అది సమాధిలో ఉన్న రాజుదేనని తేల్చేయకూడదు.

ఫారోకు అయిదు పేర్లుండేవి, వాటిలో కార్టూష్‌లోకి ఎక్కేవి రెండే. కార్టూష్‌కు ముందు తుంగ మొక్క, తేనెటీగ ఉంటే లోపల ఉన్నది పట్టాభిషేక నామం. బాతు, సూర్యబింబం ఉంటే, అంటే ‘రా (సూర్యదేవుడి) కుమారుడు’ అని ఉంటే, అది జన్మనామం. మీరు పట్టుకోవలసింది పట్టాభిషేక నామాన్ని. జన్మనామాలు వంశంలో మళ్లీ మళ్లీ వస్తాయి. రామ్సెస్ పేరుతోనే 11 మంది రాజులున్నారు.

ఎటు నుంచి చదవాలన్న సందేహం రాకమానదు. గుర్తుల్లోని మనుషులూ పక్షులూ ఎటు చూస్తుంటే అటు నుంచి మొదలుపెట్టాలి. కుడివైపు చూస్తుంటే కుడి నుంచి ఎడమకు చదవాలి. అచ్చులు రాయని లిపి కాబట్టి ఒకే పేరును పుస్తకానికో రకంగా పలకడం సహజం. దాని గురించి వాదించుకోనక్కర లేదు.

ఇక 1922లో హోవర్డ్ కార్టర్ ఎవరి సమాధిని కనుగొన్నాడో ఆ రాజు టుటన్‌ఖామున్ పట్టాభిషేక నామాన్ని తీసుకుని ఓపికగా చూద్దాం. పైన గుండ్రని సూర్యబింబం: రా. దాని కింద పేడపురుగు: ఖెపెర్, అంటే రూపం దాల్చడం. పురుగు కింద మూడు చిన్న గీతలు బహువచనానికి గుర్తు, కాబట్టి ఖెపెరు, రూపాలు. అడుగున అర్ధచంద్రాకారపు బుట్ట: నెబ్, ప్రభువు. వరసగా చదివితే రా-ఖెపెరు-నెబ్ కావాలి, కాని పేరు నెబ్‌ఖెపెరురే. దేవుడి పేరును గౌరవం కొద్దీ ముందు రాసి, చివర ‘రే’ అని పలుకుతారు. ఉత్తరం మొదట్లో ‘శ్రీ’ పెట్టి రాసే అలవాటున్న మనకు ఈ మర్యాద సులభంగానే అర్థమవుతుంది.

ఆ బుట్ట బదులు సూర్యబింబం కింద సెనెత్ ఆటపలక, దాని మీద నిలబెట్టిన పావులు కనిపిస్తే చదవవలసింది ‘మెన్’, అంటే స్థిరమైనది. సూర్యుడు, ఆటపలక, పేడపురుగు కలిస్తే మెన్‌ఖెపెర్రే, మూడో తుత్మోస్. అదే పేరులో పురుగుకు మూడు గీతలు తోడైతే మెన్‌ఖెపెరురే, నాలుగో తుత్మోస్. మూడు గీతలు తప్పిపోతే రాజే మారిపోతాడు! పురుగు బదులు ఈక తలమీద పెట్టుకుని కూర్చున్న దేవత ఉంటే ఆమె మాత్, సత్యానికీ ధర్మానికీ అధిదేవత. అప్పుడు పేరు మెన్‌మాత్రే, మొదటి సేతి. ఈ నాలుగింటినీ కాగితం మీద చేత్తో గీసి సాధన చేయండి, చూసి చదవడం కంటే గీసినప్పుడే తేడాలు మనసుకు పడతాయి.

సమాధిలో రెండు వేర్వేరు పేర్లు ఎదురైతే మీ చదువు తప్పిందనుకోకండి. కేవీ14 (రాజుల లోయలోని సమాధులకు ఇచ్చిన సంఖ్యల్లో ఒకటి) తౌస్రెట్ రాణిది. తరువాత సెత్‌నఖ్త్ దాన్ని తనదిగా చేసుకుని, ఆమె బొమ్మల మీద పూత వేయించి తన పేరు రాయించాడు. పూత రాలిన చోట కింది రాత ఇప్పటికీ తొంగిచూస్తుంది. అందువల్ల కార్టూష్‌ను ఎదురుగానే కాక పక్కనుంచి కూడా చూడాలి. కేవీ9ను అయిదో రామ్సెస్ మొదలుపెట్టగా ఆరో రామ్సెస్ పూర్తిచేశాడు. ఆయన పట్టాభిషేక నామం నెబ్‌మాత్రే, అంతకు ముందు మూడో అమెన్‌హోతెప్‌ది కూడా అదే. ఇలాంటి చోట ఒక్క కార్టూష్‌తో ఆగకుండా పక్కనున్న జన్మనామాన్నీ చదివితీరాలి.

నేర్చుకున్నది పరీక్షించుకోవడానికి టుటన్‌ఖామున్ శవపేటిక గదిలోని ఉత్తరపు గోడను మించిన చోటు లేదు. అక్కడ చిరుతపులి చర్మం కప్పుకున్న ఒక మనిషి, మృతుల దేవుడు ఒసిరిస్ రూపంలో నిలబడిన టుటన్‌ఖామున్ నోటి దగ్గరకు పనిముట్టు చాచి, మరణించినవాడికి మాటా ఊపిరీ తిరిగి ఇచ్చే కర్మ జరుపుతున్నాడు. ఆ మనిషి కూడా రాజకిరీటం ధరించి ఉన్నాడు. అతని పేరు చుట్టూ కూడా కార్టూష్ ఉంది. దాన్ని చదివితే ఖెపెర్‌ఖెపెరురే అని వస్తుంది. ఆయన ఆయి, టుటన్‌ఖామున్ తరువాత సింహాసనం ఎక్కినవాడు, పాత రాజు సమాధి గోడ మీదే అప్పటికే ఫారోగా నిలబడి ఉన్నాడు.