నేర కథనం రాయాలంటే ముందు తీర్పు చదవండి

టీవీకి నిజ నేరాల కథనాలు రాయాలనుకునేవారు మొదట కోర్టు తీర్పు పూర్తిగా చదవాలి. నేను పెన్సిలు పట్టుకుని చదువుతాను. ఎడమ అంచున తేదీ, సమయం. కుడి అంచున ఆ మాటకు ఆధారం. కుడివైపు ఖాళీగా మిగిలిన వాక్యాన్ని స్క్రిప్టులోకి రానివ్వను.

దోషిగా తేలేవరకు ‘నిందితుడు’ అనే రాయండి. పరువునష్టం దావా సంగతి తరువాత, ముందు అది ఒక మనిషి బతుకు.

నేరం ఒప్పుకున్నాడు కదా అని కూడా ఆగిపోవద్దు. 1986లో ఇంగ్లండులో హత్య చేశానని ఒప్పుకున్న యువకుడే నిర్దోషి అని డీఎన్‌ఏ పరీక్ష తేల్చింది. ఏ కేసు రాసినా నాకు ఆ కుర్రవాడే గుర్తొస్తాడు.

బాధితుల ఇంటికి మొదటిసారి కెమెరా లేకుండా వెళ్ళండి. ఒక తల్లి తన కూతురి లెక్కల నోటుపుస్తకం నా చేతిలో పెట్టింది. చివరి లెక్క సగంలో ఆగి ఉంది. ఆ భాగాన్ని ఆ పేజీతోనే మొదలుపెట్టాను, శవాన్ని చూపించనేలేదు. ప్రసారానికి ముందే ఆమెకు స్క్రిప్టు చదివి వినిపించాను.

అవకాశాల విషయానికొస్తే, ముందు పరిశోధకులుగా చేరండి. పత్రాలు చదవడం వచ్చినవారికి రాసే పని దొరుకుతుంది.