కీమో తర్వాత జ్వరం: ఇంటి నుంచి వార్డు దాకా

కీమో వేయించుకున్న మనిషికి జ్వరం వస్తే, రక్తకణాల కౌంట్లు బాగున్నాయని తేలేదాకా అది ప్రాణం మీదికి వచ్చిన విషయమే. సాధారణంగా కీమో అయిన ఏడో రోజు నుంచి పద్నాలుగో రోజు వరకు న్యూట్రోఫిల్స్ బాగా పడిపోతాయి. బాక్టీరియాను ముందుగా అడ్డుకునే తెల్ల రక్తకణాలు ఇవే. ఇవి లేనప్పుడు రక్తంలోకి చేరిన బాక్టీరియా కొన్ని గంటల్లోనే బీపీని పడగొట్టగలదు. విశాఖపట్నంలో కీమో వేయించుకుని అనకాపల్లికో, విజయనగరానికో, పాడేరుకో ఇంటికి వెళ్లిపోయేవాళ్లు చాలామంది. వాళ్లకు జ్వరం వచ్చేది ఇంటి దగ్గరే. అందుకని ఇది ఇంట్లోవాళ్లకూ, రాత్రి డ్యూటీలో ఉన్న డాక్టర్లకూ, సిస్టర్లకూ కలిపి రాసింది.

ఇంట్లో

డిజిటల్ థర్మామీటరు ఒకటి కొని ఉంచండి. నాలుక కింద పెట్టి చూడాలి. వేడి కాఫీయో చల్లటి నీళ్లో తాగి ఉంటే పావుగంట ఆగండి. నోరు పూసి ఉంటే చంకలో పెట్టవచ్చు. కానీ విశాఖ ఉక్కకు చంక చెమటతో తడిసి రీడింగు ఇంకా తగ్గిపోతుంది, ముందు పొడిగుడ్డతో తుడవండి. తుడిచినా చంకలో చూపేది నోటి రీడింగు కన్నా తక్కువే ఉంటుందని గుర్తుంచుకోండి. నుదుటికి గురిపెట్టే గన్ను ఈ పనికి నమ్మదగ్గది కాదు. మలద్వారంలో మాత్రం థర్మామీటరు పెట్టనే కూడదు. అక్కడ చిన్న గీత పడినా బాక్టీరియా నేరుగా రక్తంలోకి పోతుంది. ఎనిమా వద్దన్నా, మలద్వారంలో పెట్టే మందులు వద్దన్నా కారణం ఇదే.

ఒక్కసారి 101 డిగ్రీల ఫారెన్‌హీట్ చూపినా, 100.4 గంటసేపు తగ్గకుండా ఉన్నా ఆసుపత్రికి బయల్దేరాలి. తెల్లారేదాకా ఆగొద్దు. వణుకు, విపరీతమైన నీరసం, మాట తడబడటం, మూత్రం తగ్గడం కనిపిస్తే థర్మామీటరు ఏం చూపినా బయల్దేరండి. వాంతులు రాకుండా ఇచ్చే డెక్సామెథసోన్, లింఫోమా కీమోలో ఇచ్చే ప్రెడ్నిసలోన్ జ్వరాన్ని తొక్కిపెడతాయి. అలాంటివాళ్లకు ఇన్ఫెక్షన్ ముదిరినా ఒళ్లు చల్లగానే ఉండవచ్చు.

ముందు పారాసిటమాల్ వేసి చూద్దామనుకోవడమే ఎక్కువ నష్టం చేసే అలవాటు. జ్వరం దిగుతుంది, ఇన్ఫెక్షన్ దిగదు, రాత్రంతా పోతుంది. ఊళ్లో ఆర్ఎంపీ దగ్గర జ్వరం సూది వేయించడం ఇంకా ప్రమాదం. ప్లేట్‌లెట్లు కూడా పడిపోయి ఉంటే కండకు వేసిన ఇంజెక్షన్ దగ్గర లోపల రక్తం కారి గడ్డలా పేరుకుంటుంది. అందులో డైక్లోఫెనాక్ ఉంటే అది కిడ్నీలను దెబ్బతీయగలదు.

పాడేరు, అరకు వైపు నుంచి ఘాట్ దిగి రావడానికే గంటలు పడుతుంది. కౌంట్లు పడే ఆ వారం పది రోజులు సిటీలో బంధువుల ఇంట్లోనో, ఆసుపత్రి దగ్గర అద్దె గదిలోనో ఉండగలిగితే ఉండండి. డిశ్చార్జ్ సమ్మరీ, కీమో మందుల పేర్లు, వేసిన తేదీ, చివరి రక్తపరీక్ష, మందుల అలర్జీ వివరాలు ఒకే కవర్లో పెట్టి తలుపు దగ్గర ఉంచండి. కేజీహెచ్ అయినా, అగనంపూడి హోమీ భాభా క్యాన్సర్ ఆసుపత్రి అయినా, వీధి చివరి నర్సింగ్ హోమ్ అయినా క్యాజువాల్టీలో మీ మొదటి మాట ఇదే కావాలి: “కీమో అయి పది రోజులైంది, జ్వరం 101 ఉంది.” ఉట్టి జ్వరం అంటే లైన్లో కూర్చోబెడతారు.

క్యాజువాల్టీలో మొదటి గంట

రోగి గుమ్మం దాటిన 60 నిమిషాల్లో మొదటి డోసు యాంటీబయాటిక్ రక్తనాళంలోకి వెళ్లాలి. రక్తపరీక్ష రిపోర్టు కోసం ఆగకండి. బీపీ, నాడి, శ్వాస వేగం, ఆక్సిజన్ చూడండి, తెలివి ఎలా ఉందో గమనించండి, కాన్యులా పెట్టండి, బ్లడ్ కల్చర్ (రక్తంలో బాక్టీరియా ఉందేమో పెంచి చూసే పరీక్ష) తీయండి, మందు ఎక్కించండి.

కల్చర్ దగ్గరే తప్పులు ఎక్కువ. పెద్దవాళ్లకు రెండు సెట్లు (ఒక్కో సెట్‌కు రెండు బాటిళ్లు) కావాలి, రెండు వేర్వేరు చోట్ల నుంచి. ప్రతి బాటిల్‌లో 8 నుంచి 10 మి.లీ. రక్తం పోయాలి. 2 మి.లీ. పోసి పంపితే బాక్టీరియా ఉన్నా దొరక్కపోవచ్చు, ‘నెగటివ్’ వచ్చిన ఆ రిపోర్టు అందరినీ తప్పుదోవ పట్టిస్తుంది. చర్మాన్ని ఆల్కహాల్ కలిసిన క్లోర్‌హెక్సిడిన్‌తో తుడిచి ఆరనివ్వాలి, బాటిల్ రబ్బరు మూతను కూడా స్పిరిట్‌తో తుడవాలి. కీమో పోర్టో పిక్ లైనో (మందు ఎక్కించడానికి పెద్ద రక్తనాళంలోకి పెట్టి ఉంచే గొట్టాలు) ఉంటే ఒక సెట్ అందులోంచి, ఇంకోటి చేతి నుంచి, ఒకే సమయంలో, సమానంగా తీయండి. లైన్ బాటిల్ చేతి బాటిల్ కన్నా రెండు గంటలో అంతకన్నా ఎక్కువో ముందు పాజిటివ్ అయితే ఇన్ఫెక్షన్ ఆ లైన్‌లోనే ఉందని గట్టి సూచన. ఏ బాటిల్ ఎక్కడిదో, ఎన్నింటికి తీశారో రాయకపోతే ఈ పోలిక కుదరదు. బాటిళ్లను ఫ్రిజ్‌లో పెట్టకండి. ఆసుపత్రిలో బాటిళ్లే లేకపోతే వాటి కోసం మందు ఆపకండి.

సీబీసీ (రక్తకణాల లెక్క) వచ్చాక న్యూట్రోఫిల్స్ లెక్క మీరే వేయండి. మొత్తం తెల్లకణాలను న్యూట్రోఫిల్స్, బాండ్ కణాల (ఇంకా పూర్తిగా ఎదగని న్యూట్రోఫిల్స్) శాతాల మొత్తంతో గుణించి 100తో భాగించాలి. తెల్లకణాలు 1,200, న్యూట్రోఫిల్స్ 30 శాతం, బాండ్లు 2 శాతం అయితే 384. 500 కన్నా తక్కువున్నా, 1,000 లోపుండి రెండు రోజుల్లో 500 కిందికి పడేలా ఉన్నా ఇది ఫెబ్రైల్ న్యూట్రోపీనియా, అంటే న్యూట్రోఫిల్స్ పడిపోయినప్పటి జ్వరం అని ఖాయం. క్రియాటినిన్, ఎలక్ట్రోలైట్లు, లివర్ పరీక్షలు, లాక్టేట్ కూడా పంపండి.

పరీక్ష చేసేటప్పుడు చీము కోసం వెతక్కండి. చీము అంటేనే న్యూట్రోఫిల్స్, అవి లేవు. ఎక్స్‌రే శుభ్రంగా ఉన్నా న్యుమోనియా ఉండొచ్చు, మూత్రంలో చీము కణాలు లేకపోయినా అక్కడ ఇన్ఫెక్షన్ ఉండొచ్చు. నోరు, పోర్టు చుట్టూ చర్మం, చంకలు, గజ్జలు, మలద్వారం చుట్టూ కళ్లతో చూడండి, వేలు పెట్టి పరీక్ష చేయకండి. పొట్ట కుడివైపు కింద నొప్పీ విరేచనాలూ ఉంటే పెద్దపేగు మొదలు వాచిందేమోనని సీటీ తీయించాలి. దాన్ని అపెండిక్స్ అనుకుని కోస్తే నష్టమే. పేగుకు చిల్లు పడితేనో, రక్తస్రావం ఆగకపోతేనో తప్ప సాధారణంగా ఆపరేషన్ అక్కర్లేదు.

మన ప్రాంతానికి ఇంకో జాగ్రత్త కావాలి. ఏజెన్సీ నుంచి వచ్చినవాళ్లకు మలేరియా కార్డు టెస్టు, స్మియర్ రెండూ చేయండి. వానాకాలంలో డెంగీ కూడా తెల్లకణాల్నీ ప్లేట్‌లెట్లనీ పడగొడుతుంది. గజ్జల్లో, చంకల్లో, రొమ్ముల కింద నల్లటి పొక్కు కనిపిస్తే స్క్రబ్ టైఫస్‌ను అనుమానించండి. కింద చెప్పబోయే మందులేవీ దానికి పనిచేయవు, డాక్సీసైక్లిన్ 100 మి.గ్రా. రోజుకు రెండుసార్లు చేర్చాలి. మలేరియా పాజిటివ్ వచ్చిందని యాంటీబయాటిక్ మాత్రం ఆపకండి, రెండూ కలిసి ఉండొచ్చు.

ఏ మందు

సూడోమోనాస్ అనే ప్రమాదకరమైన బాక్టీరియాను చంపగల మందే కావాలి. పెద్దవాళ్లకు పిపరాసిలిన్-టాజోబాక్టమ్ 4.5 గ్రా. ఆరు గంటలకోసారి, లేదా సెఫెపైమ్ 2 గ్రా. ఎనిమిది గంటలకోసారి. షాక్‌లో ఉన్నా, మొండి బాక్టీరియా గతంలో దొరికినా మెరోపెనెమ్ 1 గ్రా. ఎనిమిది గంటలకోసారి. మొదటి డోసు కిడ్నీ ఎలా ఉన్నా పూర్తిగానే ఇవ్వాలి, తగ్గింపు తర్వాతి డోసుల నుంచి. చిన్న ఆసుపత్రుల్లో చేతికందేది సెఫ్‌ట్రయాక్సోన్. అది సూడోమోనాస్‌కు పనిచేయదు. వేరే ఏదీ లేకపోతే అది ఇచ్చి అంబులెన్స్ ఎక్కించండి గానీ, దాంతోనే రోగిని రెండు రోజులు ఉంచుకోకండి. అలర్జీ సంగతి ముందే అడగండి.

బీపీ పడిపోతే కిలోకు 30 మి.లీ. లెక్కన సెలైన్ మూడు గంటల్లో. దానికీ లేవకపోతే బీపీని పెంచే నార్‌అడ్రినలిన్, సగటు ధమని పీడనం 65 లక్ష్యంగా. గ్రామ్ పాజిటివ్ అనే రకం బాక్టీరియాను చంపే వాంకోమైసిన్ అందరికీ అక్కర్లేదు. లైన్ ఇన్ఫెక్షన్, చర్మం ఎర్రబడటం, న్యుమోనియా, షాక్ ఉంటే చేర్చండి. రెండు మూడు రోజుల్లో కల్చర్‌లో గ్రామ్ పాజిటివ్ ఏదీ రాకపోతే తీసేయండి.

అందర్నీ అడ్మిట్ చేయనక్కర్లేదనే మాట నిజమే. ముప్పు ఎంతో అంకెల్లో చెప్పే మాస్క్ (MASCC) స్కోరులో లక్షణాలు తేలికగా ఉంటే 5, మధ్యస్థంగా ఉంటే 3. పై బీపీ 90 దాటి ఉంటే 5. దీర్ఘకాలపు ఊపిరితిత్తుల జబ్బు లేకపోతే 4. గడ్డ రూపంలోని క్యాన్సరైనా, రక్త క్యాన్సరై గతంలో ఫంగస్ లేకపోయినా 4. సెలైన్ ఎక్కించేంత డీహైడ్రేషన్ లేకపోతే 3. ఇంటి నుంచి వచ్చుంటే 3. వయసు 60 లోపైతే 2. మొత్తం 26లో 21, ఆపైన వస్తే ముప్పు తక్కువ. అలాంటివాళ్లకు సిప్రోఫ్లాక్సాసిన్, అమాక్సిసిలిన్-క్లావులనేట్ మాత్రలు ఇచ్చి, కనీసం నాలుగు గంటలు చూసి పంపవచ్చని పద్ధతి. ఇక్కడ సిప్రోఫ్లాక్సాసిన్‌కు లొంగని బాక్టీరియా ఎక్కువ కాబట్టి మా సలహా అడ్మిట్ చేయడమే. పంపాల్సి వస్తే గంటలోపు తిరిగి రాగలిగే ఇల్లు, తోడు మనిషి, ఫోను ఉన్నవాళ్లనే పంపండి. ల్యుకేమియా రోగిని స్కోరు ఎంతున్నా పంపకండి.

వార్డులో

రెండో రోజు కూడా జ్వరం ఉందని మందు మార్చేస్తుంటారు. రోగి నిలకడగా ఉంటే జ్వరం ఒక్కటే కారణంగా మార్చొద్దు. సరైన మందు పడినా గడ్డల క్యాన్సర్లలో రెండు రోజులు, రక్త క్యాన్సర్లలో ఐదు రోజుల దాకా పట్టడం మామూలే. బీపీ, ఆక్సిజన్ దిగజారితే మాత్రం ఆలోచించకుండా మార్చండి. రోజూ నోరు, లైన్, పొట్ట మళ్లీ చూడండి.

నాలుగు నుంచి ఏడు రోజులకు జ్వరం ఆగకపోతే, ముఖ్యంగా ల్యుకేమియాలో, ఫంగస్‌ను అనుమానించాలి. ఛాతీ సీటీ, గాలాక్టోమానన్ పరీక్ష (రక్తంలో ఫంగస్ ఆనవాలు వెతికేది) చేయించి, కాస్పోఫంజిన్ మొదటి రోజు 70 మి.గ్రా., తర్వాత రోజుకు 50, లేదా లైపోసోమల్ ఆంఫోటెరిసిన్ కిలోకు 3 మి.గ్రా. మొదలుపెడతారు.

కౌంట్లు పెంచే ఫిల్‌గ్రాస్టిమ్ సూది జ్వరం వచ్చిన ప్రతివాళ్లకూ వేయాల్సిన పని లేదు. షాక్, న్యుమోనియా, ఎక్కువ రోజులు తక్కువ కౌంట్లు ఉండేలా ఉంటే వేస్తారు. కల్చర్ ఏమీ చూపకుండా, జ్వరం లేకుండా 48 గంటలు గడిచి, న్యూట్రోఫిల్స్ 500 దాటి పెరుగుతుంటే యాంటీబయాటిక్ ఆపవచ్చు. రక్తంలో బాక్టీరియా దొరికితే ఆ బాక్టీరియాకు సరిపడా రోజులు పూర్తి చేయాల్సిందే.

డిశ్చార్జ్ సమ్మరీలో ఏ బాక్టీరియా, ఏ మందుకు లొంగింది, న్యూట్రోఫిల్స్ ఎంతదాకా పడ్డాయి అన్నవి తప్పక రాయండి. తర్వాతి కీమోకు డోసు తగ్గించాలా, కీమో అయిన 24 గంటలు గడిచాక పెగ్‌ఫిల్‌గ్రాస్టిమ్ 6 మి.గ్రా. వేయాలా అన్నది ఆంకాలజిస్టు ఆ కాగితం చూసే నిర్ణయిస్తారు.