కేసు ఉండగా రిటైరైతే: ఏ డబ్బు ఆగుతుంది, ఏది ఆపకూడదు

మా సెక్షన్‌లో ఒక సీనియర్ అసిస్టెంట్ రిటైరైన రోజు శాలువా కప్పారు, దండ వేశారు. పెన్షన్ ఫైలు మీద మాత్రం ఎర్ర సిరాతో ‘ఏసీబీ కేసు పెండింగ్’ అని రాసి బీరువాలో పెట్టేశారు. ఎనిమిది నెలలు ఆ ఇంటికి ఒక్క రూపాయి రాలేదు. ఎస్టాబ్లిష్‌మెంట్ సీట్లో ఏళ్ల తరబడి పనిచేసినదాన్ని, ఆ ఫైలు తిరగేస్తే కడుపు తరుక్కుపోయింది. కేసుందని అన్నీ ఆపమని ఏ రూలూ చెప్పదు.

ముందు మీకు రావలసినవి విడివిడిగా రాసుకోండి. అన్నీ కలిపి ‘బెనిఫిట్స్’ అని దరఖాస్తు పెడితే, అన్నిటికీ కలిపి ఒకటే కొర్రీ వేస్తారు. జీపీఎఫ్ మీ జీతంలోంచి మీరు దాచుకున్న సొమ్ము. 1925 ప్రావిడెంట్ ఫండ్స్ చట్టం దాన్ని కోర్టు జప్తు నుంచి కూడా కాపాడుతుంది. దానికీ, గ్రూప్ ఇన్సూరెన్స్‌కూ, ప్రభుత్వ జీవిత బీమాకూ వేర్వేరు కాగితాలు పెట్టండి. గ్రాట్యుటీ, కమ్యుటేషన్ (పెన్షన్‌లో కొంత భాగానికి బదులు ఒకేసారి తీసుకునే సొమ్ము) మాత్రం కేసు తేలేదాకా రావు, వాటి కోసం ఇప్పుడే తిరిగి చెప్పులు అరగదీసుకోవద్దు. వాడుకోని సంపాదిత సెలవులకు వచ్చే సొమ్ము ఆపామంటే, మీ దగ్గర రాబట్టవలసింది ఏముందో రాసి ఇమ్మనండి.

ఇల్లు గడిచేది ప్రొవిజనల్ పెన్షన్‌తోనే, అంటే కేసు తేలేదాకా ఇచ్చే తాత్కాలిక పెన్షన్‌తోనే. 2004 సెప్టెంబరు 1కి ముందు చేరి పాత పెన్షన్‌లో ఉన్నవాళ్లకు, ఆంధ్రలోనైనా తెలంగాణలోనైనా, 1980 రివైజ్డ్ పెన్షన్ రూల్స్‌లో 9(4), 52 రూళ్లు ఉన్నాయి. దరఖాస్తు ఇంత చాలు: “నేను ఫలానా తేదీన పదవీ విరమణ చేశాను. నాపై కేసు విచారణలో ఉన్నందున రూలు 52 ప్రకారం, రిటైరైన మరుసటి రోజు నుంచి ప్రొవిజనల్ పెన్షన్ మంజూరు చేయ ప్రార్థన.” ఇన్‌వార్డులో ఇచ్చి, మీ కాపీ మీద ముద్ర, తేదీ వేయించుకోండి. దయచేసి నోటిమాటతో సరిపెట్టుకోకండి. మా సహోద్యోగి ఆ ఎనిమిది నెలలూ నోటితోనే అడిగారు.

ఇంకొకటి, చాలామంది చూడని విషయం: తేదీ. రూలు 9 లెక్కలో క్రిమినల్ కేసు మొదలైనట్టు పరిగణించేది మేజిస్ట్రేటు విచారణకు స్వీకరించిన పోలీసు రిపోర్టు, అంటే ఛార్జిషీటు, కోర్టులో పడిన రోజు నుంచి. ఎఫ్‌ఐఆర్ ఒక్కటే ఉంటే ఆ లెక్కకు రాదు. శాఖాపరమైన విచారణకు అభియోగపత్రం ఇచ్చిన తేదీ చూడాలి. అయితే అంతకుముందే సస్పెండు చేసి ఉంటే, సస్పెన్షన్ తేదీ నుంచే మొదలైనట్టు. ట్రాప్ కేసుల్లో, అంటే లంచం తీసుకుంటుండగా వల పన్ని పట్టుకున్న కేసుల్లో, చాలామంది ఇక్కడే ఇరుక్కుంటారు. రిటైరయ్యాక కొత్తగా శాఖాపరమైన విచారణ పెట్టాలంటే ప్రభుత్వ అనుమతి కావాలి, నాలుగేళ్లు దాటిన సంగతి మీద పెట్టకూడదు. ఈ తేదీలన్నీ ఒక కాగితం మీద వరసగా రాసుకుని అప్పుడు వకీలు దగ్గరికి వెళ్లండి.

రూలు చూపకుండా ఆపితే హైకోర్టులో రిట్ వేయవచ్చు. 2013లో జార్ఖండ్ కేసులో సుప్రీంకోర్టు పెన్షన్, గ్రాట్యుటీలు రాజ్యాంగంలోని 300ఎ కింద ఆస్తి అనీ, చట్టబద్ధమైన నిబంధన లేకుండా వట్టి కార్యాలయ ఉత్తర్వులతో ఆపరాదనీ చెప్పింది. అవినీతి నిరోధక చట్టానికి 2018లో చేసిన సవరణ కూడా రెండేళ్లలో విచారణ ముగించే ప్రయత్నం చేయమంటుంది. కాబట్టి మీ వైపు నుంచి వాయిదాలు అడగకండి.

కేసు కొట్టేస్తే తీర్పు సర్టిఫైడ్ కాపీ జతచేసి ఆ వారమే గ్రాట్యుటీకి రాయండి. శాఖాపరమైన విచారణ దానంతటది పోదు, అది ముగిసినట్టు వేరే ఉత్తర్వు అడగాలి. సస్పెన్షన్ కాలాన్ని క్రమబద్ధం చేస్తూ ఉత్తర్వు లేకపోతే అకౌంటెంట్ జనరల్ ఆఫీసు నుంచి ఫైలు వెనక్కి వస్తుంది. మా సహోద్యోగి ఫైలు సరిగ్గా అలాగే రెండుసార్లు తిరిగొచ్చింది.

ఈ కాగితాల నకళ్లు ఒక సెట్టు మీ భార్యకో భర్తకో ఇచ్చి, ఏది దేనికో చెప్పి ఉంచండి. కేసు తేలకుండానే మీకేమైనా అయితే, కుటుంబ పెన్షన్ అడగవలసింది వాళ్లే.