పింగ్ వెళుతున్నా పోర్ట్ చానెల్ అప్ కావడం లేదా? వర్చువల్ స్విచ్ ల్యాబ్‌లో సమస్య - పరిష్కారం

లక్షణం: కేవీఎం (లినక్స్‌లో వర్చువల్ మెషీన్లు నడిపే ఏర్పాటు) హోస్టు మీద రెండు వర్చువల్ స్విచ్‌లు సరిగ్గానే బూట్ అయ్యాయి. వాటి మధ్య లింకు అప్‌లో ఉంది, పింగ్ వెళుతోంది. అయినా పోర్ట్ చానెల్, అంటే కొన్ని లింకులను ఒకటిగా కలిపే కట్ట, ఏర్పడదు. ఆ కట్టను కుదిర్చే ప్రోటోకాల్ ఎల్‌ఏసీపీ వివరాల్లో అవతలి స్విచ్ మ్యాక్ చిరునామా అన్నీ సున్నాలే. పక్క పరికరాలను గుర్తించే ప్రోటోకాల్ ఎల్‌ఎల్‌డీపీలోనూ పక్క స్విచ్ కనిపించదు.

ఇక్కడ దాదాపు అందరూ స్విచ్ సాఫ్ట్‌వేర్ ఇమేజ్‌ను అనుమానిస్తారు. వెర్షన్ మారుస్తారు, ర్యామ్ పెంచుతారు, ల్యాబ్ మొత్తం చెరిపి మళ్లీ కడతారు. దయచేసి ముందు హోస్టులో టీసీపీడంప్ (నెట్‌వర్క్ ఫ్రేములను చూపే టూల్) నడపండి. రెండు ట్యాప్ ఇంటర్‌ఫేసుల (వర్చువల్ స్విచ్‌ను హోస్టుకు కలిపే పోర్టులు) మీదా ఈథర్‌టైప్ 8809 ఫ్రేములు, అంటే ఎల్‌ఏసీపీవి, చూడండి. స్లో మోడ్‌లో ఎల్‌ఏసీపీ 30 సెకండ్లకు ఒక్క ఫ్రేమే పంపుతుంది కాబట్టి ఒక నిమిషమైనా ఆగండి. ప్రతి ట్యాప్ మీదా దాని సొంత స్విచ్ ఫ్రేములే కనిపిస్తూ, అవతలివి ఒక్కటీ రాకపోతే దొంగ మధ్యలో రెండు ట్యాప్‌లను కలిపే లినక్స్ బ్రిడ్జే.

కారణం: 01-80-సీ2-00-00-00 నుంచి 0ఎఫ్ వరకు ఉన్న చిరునామాలకు వచ్చే ఫ్రేములను బ్రిడ్జి దాటించకూడదన్నది 802.1డీ ప్రమాణం. లినక్స్ దాన్ని పాటిస్తుంది. చిరునామా చివరి భాగం ఎల్‌ఏసీపీకి 02, ఎల్‌ఎల్‌డీపీకి 0ఈ. రెండూ అక్కడే ఆగిపోతాయి. ఎల్‌ఎల్‌డీపీ లాంటిదే అయిన సిస్కో సీడీపీ చిరునామా ఈ వరుసలోది కాదు, అందుకే హాయిగా దాటుతుంది. సీడీపీలో పక్క స్విచ్ కనిపించి ఎల్‌ఎల్‌డీపీలో కనిపించకపోతే ఇక సందేహమే అక్కర్లేదు.

పరిష్కారం: బ్రిడ్జి గ్రూప్ ఫార్వర్డ్ మాస్క్‌లో (ఈ చిరునామాల్లో వేటిని దాటించాలో చెప్పే సెట్టింగ్) 16384 పెడితే ఎల్‌ఎల్‌డీపీ వస్తుంది. చాలామంది అక్కడితో పని అయిపోయిందనుకుంటారు. ఎల్‌ఏసీపీకి కావలసిన 4ను అక్కడ కలిపితే మాత్రం కెర్నల్ ఒప్పుకోదు. కెర్నల్ 4.15 నుంచి ఇదే మాస్క్ పోర్టు స్థాయిలోనూ ఉంది, అక్కడ ఆ అడ్డు లేదు. రెండు ట్యాప్‌లకూ 16388 (16384 + 4) ఇవ్వండి. ఒక్కదానికే ఇస్తే ఒక వైపు ఫ్రేములే దాటుతాయి. వర్చువల్ మెషీన్‌ను ఆపి మళ్లీ ప్రారంభిస్తే ట్యాప్ కొత్తగా పుడుతుంది, మాస్క్ మళ్లీ సున్నా అవుతుంది. నిన్న పనిచేసిన ల్యాబ్ ఇవాళ మొరాయించేది ఇందుకే. అందుకని దీన్ని లిబ్‌వర్ట్ (వర్చువల్ మెషీన్లను నిర్వహించే సాఫ్ట్‌వేర్) హుక్ స్క్రిప్టులో, అంటే మెషీన్ మొదలైనప్పుడు దానంతటదే నడిచే స్క్రిప్టులో, పెట్టండి. స్విచ్‌కు స్విచ్‌కు మధ్య నేరుగా యూడీపీ లింకు ఇవ్వగలిగితే ఇంకా మేలు, బ్రిడ్జి ఊసే ఉండదు. నెట్‌వర్క్ ల్యాబ్ టూల్ జీఎన్ఎస్3 చేసేది అదే.

నెట్‌వర్క్‌లో లూపులను ఆపే ఎస్‌టీపీ ప్రోటోకాల్ ఫ్రేములు (బీపీడీయూలు) దాటకపోతే లినక్స్ బ్రిడ్జిలో ఎస్‌టీపీ ఆఫ్‌లో ఉందో లేదో చూడండి, చాలు. ఒకే డిస్కును నకలు చేయడం వల్ల రెండు స్విచ్‌ల సిస్టమ్ మ్యాక్ ఒకటే కావచ్చు. అలా అయితే ఒకదాని మ్యాక్ మార్చండి.