నాలీవుడ్ నటి సినీ ప్రస్థానాన్ని ఎలా అధ్యయనం చేయాలి?

ఇంకా ఎదుగుతున్న ఒక దేశపు సినిమాలో నటీనటుల ప్రస్థానం గురించి రాయదలచినవారు, నటించిన చిత్రాల జాబితాను ముందేసుకుని కూర్చుంటే పని జరగదు. ఆ సినిమాలు ఎలా అమ్ముడుపోయాయో తెలిసినప్పుడే జాబితా అర్థమవుతుంది. నాలీవుడ్ అని పిలిచే నైజీరియా సినీ పరిశ్రమకు చెందిన నటి జెనివీవ్ న్నాజీని తీసుకుంటే ఈ సంగతి స్పష్టపడుతుంది.

మొదట పరిశ్రమ చరిత్రను దశలుగా విడదీసుకోండి. 1992లో ఇగ్బో భాషలో వచ్చిన 'లివింగ్ ఇన్ బాండేజ్' థియేటర్ల మీద ఆధారపడకుండా వీడియో క్యాసెట్టుగా ఇళ్లకు చేరి, ఒక కొత్త వ్యాపారానికి దారి వేసింది. క్యాసెట్ల తర్వాత వీసీడీలు (సినిమా డిస్కులు), ఆపైన మల్టీప్లెక్సులు, చివరకు ఓటీటీ వచ్చాయి. నటి ఏ దశలో ప్రవేశించి, ఏ దశలోకి మారారో గుర్తించడమే మీ అధ్యయనానికి వెన్నెముక. జెనివీవ్ ఎనిమిదేళ్ల వయసులో 'రిపుల్స్' అనే టీవీ ధారావాహికలో కనిపించి, 1998లో సినిమాల్లోకి వచ్చారు. అంటే క్యాసెట్ల కాలం నుంచే ఉన్నారు.

తర్వాత జాబితాను శుభ్రం చేయాలి. ఒకే కథను మొదటి భాగం, రెండో భాగం అంటూ వేర్వేరు డిస్కులుగా అమ్మడం అక్కడ మామూలుగా ఉండేది. వాటిని కలిపి ఒకే చిత్రంగా లెక్కించండి. ఇలాంటి నటీనటుల గురించి వినిపించే 'వందకు పైగా సినిమాలు' అన్న మాటను మాత్రం సరిచూడకుండా రాయకపోవడమే మేలు.

అసలు శ్రద్ధ పెట్టవలసింది డబ్బు దగ్గర. లాగోస్‌లోని ఇడుమోటా, ఒనిచాలోని ఇవేకా రోడ్డు వంటి బజార్లలో క్యాసెట్లు అమ్మే వ్యాపారులను అక్కడ 'మార్కెటర్లు' అనేవారు. పెట్టుబడి వారిదే, కాబట్టి ఎవరు నటించాలో కూడా చాలావరకు వారే నిర్ణయించేవారు. మన దగ్గర ఒకప్పుడు నిర్మాతలకు అడ్వాన్సులిచ్చిన డిస్ట్రిబ్యూటర్ల కంటే వీరి పట్టు గట్టిది. 2004లో పారితోషికాలు మితిమీరాయంటూ జెనివీవ్, ఒమోటోలా, రామ్సే నౌవా తదితర అగ్రతారలను ఈ మార్కెటర్లు కొంతకాలం పక్కన పెట్టారు. ఆ సంగతి తెలియనివారు ఆ కాలంలో చిత్రాలు తగ్గడం చూసి, ఆదరణ తగ్గిందని పొరబడతారు. నిజానికి 2004లోనే ఆమె పాటల ఆల్బమ్ వెలువడింది. 2005లో ఆఫ్రికా మూవీ అకాడమీ ఉత్తమ నటి పురస్కారం దక్కింది. అందుకే చిత్రాల సంఖ్య పడిపోయిన ప్రతిచోటా, అప్పుడు పెట్టుబడి ఎవరి చేతిలో ఉందో వెతకండి.

ప్రతి చిత్రం ఎదుట భాషను కూడా రాసుకోండి. ఇది చిన్న విషయంగా కనిపిస్తుంది గానీ, జెనివీవ్ తొలిసారి దర్శకత్వం వహించిన 'లయన్‌హార్ట్' ఆస్కార్ వ్యవహారమంతా దానితోనే ముడిపడింది. 2018లో టొరంటో చిత్రోత్సవంలో ప్రదర్శితమై నెట్‌ఫ్లిక్స్‌కు చేరిన ఈ చిత్రాన్ని నైజీరియా ఆస్కార్‌కు పంపింది. సంభాషణలు ఎక్కువగా ఇంగ్లీషులో ఉన్నాయన్న కారణంతో 2019లో అంతర్జాతీయ చిత్రాల విభాగం నుంచి తొలగించారు. ఇంగ్లీషే అధికార భాషగా ఉన్న దేశపు సినిమాకు ఆ నిబంధన ఎంత ఇబ్బందికరమో మీ వ్యాసంలో తప్పక చర్చించండి.

ఇక ఇంటర్వ్యూలలోని సంవత్సరాలను పాత వార్తలతో పోల్చుకుంటే చాలు. యూట్యూబ్‌లో పాత చిత్రాలు చూసేటప్పుడు మాత్రం, టైటిల్స్‌ను దాటవేయకుండా నిర్మాత పేరునూ, పంపిణీ సంస్థ పేరునూ నోట్సులోకి ఎక్కించండి.