వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్‌లో ఫాంట్ మార్చుకోవడం ఎలా

వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ అనే ఆన్‌లైన్ ఆటలో ఫాంట్ మార్చే ఆప్షన్ ఏ మెనూలో ఉందా అని వెతికి వెతికి విసిగిపోయినవాళ్ళకు ముందే చెప్పేస్తున్నా, అక్కడ లేదు. చాట్ అక్షరాల సైజు మార్చుకోవచ్చు, ఇంటర్‌ఫేస్ మొత్తాన్ని పెద్దదో చిన్నదో చేసుకోవచ్చు, కానీ ఫాంట్‌నే మార్చాలంటే ఆట బయటి నుంచి చెయ్యాలి. అదేం పెద్ద కష్టం కాదు. ఒక ఫోల్డర్ పెట్టి అందులో ఒక ఫైలు పడేస్తే పని అయిపోతుంది, యాడ్-ఆన్, అంటే ఆటకు బయటివాళ్ళు రాసిన అదనపు ప్రోగ్రామ్, కూడా అక్కర్లేదు. కానీ ఎక్కువమంది నేరుగా ఎల్వ్‌యూఐ లాంటి భారీ యాడ్-ఆన్ వేసేసుకుని, దాని సెట్టింగుల్లో గంటలు గంటలు తిరిగి, ఇంతా చేశాక ఏదో ఒక మూల పాత ఫాంటే కనిపిస్తోందని తల పట్టుకుంటారు. నన్నడిగితే ముందు సైజు చూసుకోండి, తర్వాత ఫోల్డర్ పద్ధతి, ఆ రెండూ చాలకపోతేనే యాడ్-ఆన్.

సైజు దగ్గర మొదలుపెట్టమనడానికి కారణం ఉంది. ఫాంట్ బాలేదని అనిపించే సందర్భాల్లో చాలావాటికి అసలు కారణం స్కేల్, అంటే తెర మీద అన్నీ ఎంత పెద్దగా కనిపించాలన్న కొలత. చాట్ వరకే ఇబ్బంది అయితే చాట్ ట్యాబ్ మీద రైట్ క్లిక్ చేసి ఫాంట్ సైజులోకి వెళ్ళండి, 12, 14, 16, 18 అని కనిపిస్తాయి, 14 పెట్టి చూడండి. ప్రతి చాట్ విండోకీ విడివిడిగా పెట్టుకోవాలి, ఒకదానికి పెడితే మిగతావాటికి రాదు. క్వెస్ట్, అంటే ఆట ఇచ్చే పని, దాని వివరాల అక్షరాలు కాగితం రంగులో కలిసిపోతున్నాయి అనుకునేవాళ్ళు ఆప్షన్స్‌లో యాక్సెసిబిలిటీ కింద క్వెస్ట్ టెక్స్ట్ కాంట్రాస్ట్ ఒకసారి మార్చి చూడాలి, ఫాంట్ జోలికి వెళ్ళకుండానే సగం బాధ తీరిపోవచ్చు. తలల మీద పేర్లు మరీ చిన్నగా కనిపిస్తుంటే వాటి కనీస సైజు కూడా అక్కడే ఉంటుంది.

ఇక గ్రాఫిక్స్‌లో ఉండే యూఐ స్కేల్. ఈ ఆట తన ఇంటర్‌ఫేస్‌ని 768 యూనిట్ల ఎత్తున్న స్క్రీన్‌గా లెక్కేసుకుని గీస్తుంది. అంటే మీ స్క్రీన్ ఎత్తుతో 768ని భాగిస్తే వచ్చే అంకె దగ్గర ఒక యూనిట్‌కి సరిగ్గా ఒక పిక్సెల్ పడుతుంది. 1080 స్క్రీన్‌కి 0.7111, 1440 స్క్రీన్‌కి 0.5333. ఈ అంకెకు అటూ ఇటూ పోతే గీతలు ఒకచోట లావుగా, ఒకచోట సన్నగా పడతాయి, అక్షరాల అంచులు కూడా కాస్త మెత్తబడినట్టుంటాయి. 4కే మానిటర్‌కి లెక్క ప్రకారం 0.3556 రావాలి, కానీ ఆ సైజులో ఎవరూ ఏదీ చదవలేరు, కాబట్టి దానికి రెట్టింపు, అంటే మళ్ళీ 0.7111 పెట్టుకుంటే ఒక్కో యూనిట్‌కి రెండు పిక్సెళ్ళు పడి నీట్‌గా ఉంటుంది. 1440 వాళ్ళకు మాత్రం చిక్కు, ఆటలోని స్లైడర్ 0.5333 దాకా దిగదు. ఎల్వ్‌యూఐ వాడితే అందులో ఆటో స్కేల్ బటన్ ఆ పని చేసిపెడుతుంది. వాడనివాళ్ళు కళ్ళకు నప్పినచోట ఆపేసి ముందుకు వెళ్ళిపోవచ్చు, దీని కోసం నిద్ర పాడుచేసుకోనక్కర్లేదు.

ఇప్పుడు అసలు పని. ఆట నుంచి పూర్తిగా బయటకు రండి, క్యారెక్టర్ సెలెక్షన్ దాకా కాదు, మొత్తం మూసేయండి. ఆట ఇన్‌స్టాల్ చేసిన చోట వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ అనే ఫోల్డర్, దాని లోపల రెండు పక్కలా అండర్‌స్కోర్ ఉన్న రిటైల్ అనే ఫోల్డర్ ఉంటాయి. రిటైల్ అంటే ఆట ఇప్పటి వెర్షన్, పాత వెర్షన్ అయిన క్లాసిక్ ఆడేవాళ్ళకు రిటైల్ బదులు క్లాసిక్ అనో క్లాసిక్ ఎరా అనో ఉంటుంది. ఇంటర్‌ఫేస్, డబ్ల్యూటీఎఫ్ అనే ఫోల్డర్లు కనిపిస్తే సరైన చోటికి వచ్చినట్టే. వాటి పక్కనే ఫాంట్స్ అని ఇంగ్లిష్‌లో, బహువచనంలో, ఒక కొత్త ఫోల్డర్ పెట్టండి. ఆట తెరుచుకునేటప్పుడు ఇక్కడ ఫాంట్ ఫైలు ఉంటే తన సొంతదాని బదులు దీన్నే తీసుకుంటుంది. ఆట సొంత ఫాంట్లు డేటా ఫోల్డర్‌లోని పెద్ద ఆర్కైవుల్లో ఉంటాయి, వాటిని మనం ముట్టుకోవడం లేదు, అందుకే దేన్నీ పాడుచేస్తామన్న టెన్షన్ లేదు.

ఫైలు పేరే కీలకం. ఫైలు పేరు చూసే ఆట ఫాంట్‌ని గుర్తుపడుతుంది, లోపల ఏ ఫాంట్ ఉందో దానికి అనవసరం. ముఖ్యమైన ఫాంట్ ఫ్రిజ్ క్వాడ్రాటా, దాని ఫైలు పేరు ఎఫ్-ఆర్-ఐ-జెడ్-క్యూ-టీ, దాని వెనకే రెండు అండర్‌స్కోర్‌లు, చుక్క, టీటీఎఫ్. రెండు అండర్‌స్కోర్‌లు, ఒకటి కాదు. మెనూలు, టూల్‌టిప్‌లు, క్వెస్ట్ వివరాలు, పేర్లు, శత్రువుల మీద ఎగిరే డ్యామేజ్ అంకెలు, అన్నిటికీ ఇదే. మీరు డౌన్‌లోడ్ చేసుకున్న ఫాంట్‌కి ఈ పేరు పెట్టి ఆ ఫోల్డర్‌లో వేస్తే ఇంటర్‌ఫేస్‌లో ఎక్కువ భాగం ఒక్క దెబ్బతో మారిపోతుంది. రెండోది ఏరియల్ న్యారో, ఫైలు పేరు ఏ-ఆర్-ఐ-ఏ-ఎల్-ఎన్, చుక్క, టీటీఎఫ్. చాట్ దీనిదే, అలాగే బ్యాగుల్లో ఐటమ్‌ల మీద కనిపించే చిన్న అంకెలు కూడా. చాట్ బాగుండాలని ఇక్కడ మరీ వెడల్పు ఫాంట్ పెడితే ఆ అంకెలు ఐకాన్ బయటకు పొంగుకొస్తాయి, గుర్తుంచుకోండి. మూడోది మార్ఫియస్, ఉత్తరాల్లోనూ క్వెస్ట్ శీర్షికల్లోనూ కనిపించే పాతకాలపు రాత. నాలుగోది స్కర్రి, చాలా కొద్ది చోట్ల పెద్ద అంకెలకు వాడతారు. ఈ చివరి రెండూ అలాగే వదిలేయమనే అంటాను, ఆటకున్న కాస్త రాజుల కాలపు వాసన మార్ఫియస్‌లోనే ఉంది, దాన్నీ ఆఫీసు ఫాంట్‌తో కప్పేస్తే ఉత్తరం తెరిచినప్పుడు బ్యాంకు నోటీసు చదువుతున్నట్టుంటుంది.

విండోస్‌లో ఇక్కడే సగంమంది దెబ్బతింటారు. ఫైలు పేరు చివర చుక్క టీటీఎఫ్ అనేదాన్ని విండోస్ దాచిపెడుతుంది, మీరు పేరు మార్చేటప్పుడు మళ్ళీ చుక్క టీటీఎఫ్ కలిపి రాస్తారు, అసలు పేరేమో టీటీఎఫ్ చుక్క టీటీఎఫ్ అయి కూర్చుంటుంది, ఆట దాన్ని పట్టించుకోదు. ఫైల్ ఎక్స్‌ప్లోరర్‌లో వ్యూ కింద ఫైల్ నేమ్ ఎక్స్‌టెన్షన్స్ టిక్ పెట్టుకుని పేరు మార్చండి.

ఏ ఫాంట్ పెట్టాలి అన్నదాని మీద కొంచెం ఎక్కువే చెప్పాలి, ఎందుకంటే జనం అందం చూసి ఎంచుకుని రెండు రోజుల్లో విసుగెత్తి తీసేస్తారు. ఫ్రిజ్ క్వాడ్రాటా 1965లో ఎర్న్‌స్ట్ ఫ్రిజ్ గీసిన ఫాంట్. పెద్ద సైజులో, బోర్డు మీద పేరులా పెడితే హుందాగా ఉంటుంది, చిన్న సైజులో అవుట్‌లైన్ కూడా తగిలిస్తే అక్షరాల మధ్య ఖాళీలు పూడుకుపోతాయి. పైగా వెడల్పు ఎక్కువ, అందుకే పొడుగాటి పేర్లు మధ్యలో తెగి చివర మూడు చుక్కలు పడతాయి. కాబట్టి దాని బదులు పెట్టేది కాస్త ఇరుకుగా, ఏ అలంకారాలూ లేకుండా ఉండాలి. పీటీ సాన్స్ న్యారో, రోబోటో కండెన్స్‌డ్, ఎక్స్‌ప్రెస్‌వే, ఇవన్నీ ఈ ఆటలో బాగా నలిగినవే. చూపు విషయంలో ఇబ్బంది ఉన్నవాళ్ళు బ్రెయిల్ ఇన్‌స్టిట్యూట్ తెచ్చిన ఆట్కిన్సన్ హైపర్‌లెజిబుల్ చూడండి, ఒకదాన్ని చూసి ఇంకోటి అనుకునే అక్షరాలను దానిలో కావాలనే వేరువేరుగా గీశారు. డిస్‌లెక్సియా ఉన్నవాళ్ళు కొందరు ఓపెన్‌డిస్‌లెక్సిక్ వాడతారు, అది ఉచితమే, కానీ వెడల్పు ఎక్కువ కాబట్టి సైజు ఒక మెట్టు తగ్గించుకోవాల్సి వస్తుంది.

ఎంచుకునే ముందు మూడు పరీక్షలు పెట్టండి. పెద్ద ఐ, చిన్న ఎల్, ఒకటి అంకె పక్కపక్కన టైప్ చేసి చూడండి, మూడూ ఒకేలా ఉంటే ఆ ఫాంట్ వద్దు, గిల్డ్‌లోకి, అంటే మీ ఆటగాళ్ళ జట్టులోకి, పిలవాల్సిన పేరు తప్పు కొట్టి వేరే ఎవరినో పిలుస్తారు. తర్వాత అంకెలు. కొన్ని ఫాంట్లలో ఒకటి అంకె సన్నగా, ఎనిమిది వెడల్పుగా ఉంటుంది. పుస్తకంలో అది అందమే, కానీ కూల్‌డౌన్ అంకెలు (ఒక శక్తిని మళ్ళీ వాడేందుకు ఇంకెన్ని సెకన్లో చెప్పేవి), డ్యామేజ్ మీటర్ (ఎవరు ఎంత దెబ్బ కొట్టారో చూపే పట్టిక) లాంటివి క్షణక్షణం మారుతుంటే ఆ వెడల్పు తేడా వల్ల వరస మొత్తం అటూ ఇటూ ఊగుతుంది, కంటి చివర ఆ కదలిక భలే చిరాకు. అంకెలన్నీ ఒకే వెడల్పులో ఉండే రోబోటో, ఓపెన్ సాన్స్ లాంటివి ఇక్కడ పనికొస్తాయి. ఇక మూడోది, అక్షరాల మీద గుర్తులు. యూరప్ సర్వర్లలో పేర్లలో తలమీద చుక్కలు, అడ్డగీతలు ఉన్న అక్షరాలు బోలెడు, మీ ఫాంట్‌లో అవి లేకపోతే ఆ చోట ఖాళీనో డబ్బానో వస్తుంది. రష్యన్, కొరియన్, చైనీస్ లిపులకు ఆటలో వేరే ఫైళ్ళున్నాయి, వాటిని కదపకండి.

డౌన్‌లోడ్ దగ్గర ఇంకో మెలిక. గూగుల్ ఫాంట్స్ నుంచి తీసుకుంటే జిప్‌లో చాలాసార్లు వేరియబుల్ ఫాంట్ అనే ఒక ఫైలు (అన్ని మందాలూ ఒకే ఫైలులో), స్టాటిక్ అనే ఒక ఫోల్డర్ (ఒక్కో మందానికి ఒక్కో ఫైలు) వస్తాయి. స్టాటిక్‌లోంచే తీసుకోండి. ఆటకు ఫాంట్‌ని తనంతట తాను బోల్డ్ చేసే పద్ధతి లేదు, బోల్డ్ కావాలంటే బోల్డ్ ఫైలే పెట్టాలి. మామూలుగా మీడియం మందం సరిపోతుంది, లైట్, థిన్ అనేవి నల్లటి నేపథ్యం మీద కనిపించీ కనిపించకుండా ఉంటాయి.

ఇంత చేశాక కూడా, క్యాస్ట్ బార్‌కి (మంత్రం ఎంతవరకు పూర్తయిందో చూపే గీతకి) ఒక ఫాంట్, డ్యామేజ్ మీటర్‌కి ఇంకొకటి కావాలనిపిస్తే అప్పుడు యాడ్-ఆన్. షేర్డ్‌మీడియా అనే యాడ్-ఆన్ వేసుకుంటే డీటెయిల్స్, ప్లేటర్, ఎల్వ్‌యూఐ లాంటి మిగతా యాడ్-ఆన్‌లన్నీ దానిలోని ఫాంట్లను తమ జాబితాలో చూపిస్తాయి. మీ సొంత ఫాంట్ కలపడానికి దానిలోనే మైమీడియా అని ఒక ఫోల్డర్ ఇస్తారు, దాన్ని బయటకు తీసి యాడ్-ఆన్స్ ఫోల్డర్‌లో విడిగా పెట్టి, లోపలి ఫాంట్ ఫోల్డర్‌లో మీ ఫైలు వేసి, దాంతోపాటే ఉన్న బ్యాచ్ ఫైలు ఒకసారి నడిపితే జాబితా తయారవుతుంది. కొత్త ఫాంట్ వేసిన ప్రతిసారీ అది నడపాలి. బద్ధకించి షేర్డ్‌మీడియా సొంత ఫోల్డర్‌లోనే మీ ఫైలు పడేస్తే తర్వాతి అప్‌డేట్‌లో అది ఎగిరిపోతుంది.

ఎల్వ్‌యూఐలో అయితే జనరల్ కింద మీడియాలో డిఫాల్ట్ ఫాంట్ ఎంచుకుని, పక్కనే ఉన్న అప్లై ఫాంట్ టు ఆల్ నొక్కండి. అది నొక్కకపోతే ప్రతి బార్‌కీ ఫ్రేమ్‌కీ విడిగా వెళ్ళి మార్చుకోవాల్సిందే. అక్కడే కంబాట్ టెక్స్ట్‌కి వేరే ఫాంట్ పెట్టుకునే చోటు కూడా ఉంటుంది, కానీ అది మార్చాక చాట్‌లో స్లాష్ రీలోడ్ (ఇంటర్‌ఫేస్‌ని మళ్ళీ లోడ్ చేసే కమాండ్) కొడితే చాలదు, లాగౌట్ అయి మళ్ళీ రావాలి. అవుట్‌లైన్ సంగతికొస్తే, శత్రువుల పేర్ల మీద, కూల్‌డౌన్ అంకెల మీద, అంటే వెనక ఏ రంగు వస్తుందో తెలియని చోట్ల మామూలు అవుట్‌లైన్ పెట్టండి. చాట్‌కి మాత్రం వద్దు, నీడ చాలు. థిక్ అవుట్‌లైన్ పెద్ద అంకెలకు తప్ప దేనికీ పనికిరాదు, చిన్న అక్షరాలను అది మింగేస్తుంది. మోనోక్రోమ్ అనేది పిక్సెల్ ఫాంట్ల కోసం ఉన్నది, మామూలు ఫాంట్‌కి పెడితే అంచులన్నీ మెట్లు మెట్లుగా వస్తాయి.

ఫాంట్ మారలేదా? ఆట తెరిచి ఉండగా ఫైలు వేసి ఉంటే మూసి మళ్ళీ తెరవండి, కొత్త ఫైళ్ళను ఆట మొదలైనప్పుడే చూస్తుంది, రీలోడ్‌తో రాదు. కొన్నిచోట్ల మారి కొన్నిచోట్ల మారకపోతే ఏదో యాడ్-ఆన్ తన సొంత ఫాంట్ పెట్టుకుంది, అన్ని యాడ్-ఆన్‌లూ ఆపేసి చూస్తే తేలిపోతుంది. అక్షరాలు బటన్‌లో మరీ పైకో కిందికో కూర్చుంటే ఆ ఫాంట్ లోపలి ఎత్తు కొలతలే అలా ఉన్నాయి, దానితో కుస్తీ పట్టడం కంటే వేరే ఫాంట్ చూసుకోవడం నయం. పాత రూపం కావాలంటే ఫాంట్స్ ఫోల్డర్‌ని తీసేసి ఆట తెరిస్తే చాలు. కంప్యూటర్ మార్చేటప్పుడు ఇంటర్‌ఫేస్, డబ్ల్యూటీఎఫ్ ఫోల్డర్లతో పాటు దీన్ని కూడా కాపీ చేసుకోండి, యాడ్-ఆన్ మేనేజర్లు దీన్ని తీసుకురావు. రిటైల్, క్లాసిక్ రెండూ ఆడేవాళ్ళు రెండింటిలోనూ విడివిడిగా పెట్టుకోవాలి.